రీడ్-హిల్‌వ్యూలో ఫ్లయింగ్ నేర్చుకోవచ్చా, కౌంటీ దాన్ని మూసేస్తుందంటున్నారు నిజమేనా?

మీరడిగింది నాకర్థమైనంతలో ఇదీ. శాన్ హోసే ఎవర్‌గ్రీన్‌లో ఉంటారు, హెచ్1బీ, ప్రైవేట్ పైలట్ లైసెన్స్ తీసుకోవాలని చిన్నప్పట్నుంచీ కోరిక, ఇంటికి పది నిమిషాల్లో రీడ్-హిల్‌వ్యూ ఎయిర్‌పోర్ట్ ఉంది కానీ కౌంటీ వాళ్ళు మూసేస్తారంట కదా, డబ్బులు పెట్టాక మధ్యలో ఆగిపోతే ఏంటి అని ఒక భయం. పైగా ఆ విమానాల పెట్రోల్లో సీసం ఉందని ఇంట్లో మేడం గారి అభ్యంతరం, 13 ఏళ్ళ బాబేమో నన్నూ తీసుకెళ్ళు అంటున్నాడు. ఇంతేగా. నేను అక్కడే నేర్చుకున్నా బ్రదర్, 2019లో మొదలెట్టి కోవిడ్‌లో ఆపేసి మళ్ళీ పట్టుకుని 2021లో చెక్‌రైడ్, అంటే లైసెన్స్ ఆఖరి పరీక్ష, పాసయ్యా, ఇప్పుడు ముగ్గురం కలిసి కొనుక్కున్న ఓ పాత సెస్నా 172, చిన్న నాలుగు సీట్ల విమానం, అక్కడే ఉంటుంది. అంటే నాకు ఆ ఎయిర్‌పోర్ట్ మీద పక్షపాతం ఉంది, అది తీసేసి చదువుకోండి.

మొదలెట్టొచ్చు. నిరభ్యంతరంగా. ఎందుకో చెప్పాలంటే ముందు ఈ కౌంటీ ఎయిర్‌పోర్ట్ అనేది ఏంటో చెప్పాలి, ఎందుకంటే మనవాళ్ళకి ఎయిర్‌పోర్ట్ అనగానే శంషాబాద్ కళ్ళముందుకొస్తుంది. మాది దొనకొండ వైపు. అక్కడ బ్రిటిష్ వాళ్ళ కాలం నాటి రన్‌వే ఒకటుంది, నా చిన్నప్పుడు దాని మీద గొర్రెలు మేసేవి, మేం సైకిల్ నేర్చుకున్నది కూడా అలాంటి చోటే. ఇక్కడికొచ్చాక ఈస్ట్‌రిడ్జ్ మాల్‌కి వెళ్తే పక్కనే నెత్తి మీదుగా బొమ్మల్లాంటి విమానాలు దిగుతున్నాయి, ఇదేంటి ఇక్కడ అనుకున్నా. అమెరికాలో జనం వాడుకునే ఎయిర్‌పోర్ట్‌లు ఐదు వేల దాకా ఉన్నాయి, వాటిల్లో టికెట్ కొనుక్కుని ఎక్కే ఎయిర్‌లైన్ వచ్చేవి ఓ ఐదొందలు. మిగతావన్నీ ఇలాంటివే, ట్రైనింగ్, సొంత విమానాలు, మెడికల్ ఫ్లైట్లు, అలా. కొన్ని సిటీవి, లివర్‌మోర్, హేవర్డ్, వాట్సన్‌విల్ అలాంటివి. కొన్ని కౌంటీవి, శాన్ కార్లోస్, హాఫ్ మూన్ బే ఈ రెండూ శాన్ మటేయో కౌంటీవి. మన శాంటా క్లారా కౌంటీకి కూడా రెండు, రీడ్-హిల్‌వ్యూ ఒకటి, దక్షిణాన శాన్ మార్టిన్‌లో ఇంకోటి. పాలో ఆల్టో కూడా ఒకప్పుడు కౌంటీ నడిపిందే, 2014లో సిటీకి అప్పజెప్పేసింది.

రీడ్ అనే ఇంటిపేరున్న అన్నదమ్ములు 1930ల్లో పెట్టుకున్న ఫీల్డ్ ఇది, చుట్టూ తోటలుండే రోజుల్లో. 1961లో కౌంటీ కొనేసింది. నడిపేది ఎవరో తెలుసా, కౌంటీ రోడ్స్ అండ్ ఎయిర్‌పోర్ట్స్ డిపార్ట్‌మెంట్. మీరు రోజూ ఆఫీసుకెళ్ళే లారెన్స్ ఎక్స్‌ప్రెస్‌వే మీద గుంటలు పూడ్చేది, ఈ రన్‌వే మీద పగుళ్ళు పూడ్చేది ఒకే డిపార్ట్‌మెంట్. వాళ్ళ పైన జనం ఎన్నుకున్న ఐదుగురు సూపర్‌వైజర్ల బోర్డు. మన జిల్లా పరిషత్తుకి ఒక విమానాశ్రయం ఉంటే ఎలా ఉంటుందో ఊహించుకోండి, దాదాపు అదే, మీటింగుల్లో అరుపులతో సహా.

గుర్తుపెట్టుకోవాల్సింది ఒక్కటే, నేల కౌంటీది, గాలి ఎఫ్‌ఏఏది, అంటే కేంద్ర ప్రభుత్వ విమానయాన శాఖది. విమానం చక్రం నేల మీద ఉన్నంతసేపు మీ అద్దె, మీ హ్యాంగర్ (విమానం పెట్టుకునే షెడ్), మీ పెట్రోల్, గేటు కోడ్ అన్నీ కౌంటీ చేతిలో. టవర్‌లో కూర్చునేది, ఎగరడానికి రూల్స్ పెట్టేది, లైసెన్స్ ఇచ్చేది ఎఫ్‌ఏఏ. ఎన్నింటి దాకా ఎగరాలి, ఎటు తిరగాలి అని కౌంటీ తన ఇష్టమొచ్చినట్టు ఆర్డర్ వెయ్యలేదు. ఇక్కడ జరిగే ప్రతి గొడవా ఈ గీత దగ్గరే మొదలవుతుంది, మూసివేత గొడవా అదే, సీసం గొడవా అదే.

మూసివేత సంగతి. ఎఫ్‌ఏఏ ఇలాంటి ఎయిర్‌పోర్ట్‌లకి గ్రాంట్లిస్తుంది, రన్‌వే మళ్ళీ వెయ్యాలన్నా లైట్లు పెట్టాలన్నా అర్హమైన ఖర్చులో 90 శాతం దాకా వాళ్ళే భరిస్తారు. ఊరికే ఇవ్వరు కదా. తీసుకున్న రోజు నుంచి 20 ఏళ్ళు ఎయిర్‌పోర్ట్ తెరిచే ఉంచాలి, ఎవరొచ్చినా సమానంగా చూడాలి, అక్కడ వచ్చిన అద్దె డబ్బులు అక్కడే ఖర్చు పెట్టాలి తప్ప పార్కులకీ లైబ్రరీలకీ మళ్ళించకూడదు. మన కౌంటీ ఆఖరుగా గ్రాంట్ తీసుకుంది 2011లో. 2011కి 20 కలిపితే 2031. ఈ 2031 అనే నంబర్ అక్కడ ఏ పైలట్‌నడిగినా నిద్దట్లో కూడా చెప్తాడు. ఆ తర్వాత కౌంటీ కావాలనే కొత్త గ్రాంట్ తీసుకోలేదు, తీసుకుంటే మళ్ళీ 20 ఏళ్ళు చేతులు కట్టేసుకున్నట్టే కదా. 2021 ఆగస్టులో బోర్డు ఓటేసి ఎఫ్‌ఏఏని ఒప్పించి 2031 కన్నా ముందే మూసేసే దారి చూడమంది, ఎఫ్‌ఏఏ మాత్రం ఒప్పందం ఒప్పందమే అంటూ వచ్చింది.

2031 తర్వాత ఏమవుతుంది? నా అంచనా, గొడవ కోర్టుల్లో ఇంకొన్నేళ్ళు నడుస్తుంది. ఇళ్ళ ధరలు ఇలా ఉన్న ఊళ్ళో నడిబొడ్డున 180 ఎకరాలు కనపడుతుంటే ఏ రాజకీయ నాయకుడైనా కన్నేస్తాడు, అందులో తప్పు కూడా ఏం లేదు, ఇళ్ళు కావాలి నిజమే. శాంటా మోనికాలో ఇలాగే దశాబ్దాల కొట్లాట తర్వాత 2017లో రాజీ కుదిరి 2028 ఆఖరు దాటాక మూసుకునే హక్కు ఆ సిటీకి వచ్చింది. చికాగోలో మెయిగ్స్ ఫీల్డ్ అని సరస్సు ఒడ్డున ఉండేది, 2003 మార్చిలో మేయర్ అర్ధరాత్రి బుల్‌డోజర్లు పంపి రన్‌వే మీద పెద్ద పెద్ద ఇంటూ మార్కులు తవ్వించేశాడు, పొద్దున్నే చూసుకుంటే పదహారు విమానాలు లోపలే ఇరుక్కుపోయి ఉన్నాయి, సిటీకి పడిన జరిమానా 33 వేల డాలర్లు. కాబట్టి జరగదు అని నేననను. కానీ మీ లైసెన్స్‌కి పట్టేది ఏడాది, ఉద్యోగం చేసుకుంటూ అయితే ఏడాదిన్నర. మీకు 2031తో పనేంటి? సొంతంగా హ్యాంగర్ మీద పెట్టుబడి పెట్టేవాడు ఆలోచించాలి గానీ వారానికి రెండు క్లాసులకి వెళ్ళేవాడు కాదు.

సీసం సంగతి మాత్రం మేడం గారిని కొట్టిపారెయ్యకండి. మా క్లబ్బుల్లో చాలామంది నవ్వేస్తారు, నాకది నచ్చదు. ఈ చిన్న విమానాలు దశాబ్దాలుగా తాగేది 100ఎల్‌ఎల్ అనే ఏవ్‌గ్యాస్, ఎల్‌ఎల్ అంటే లో లెడ్, పేరుకే లో, గాలన్‌కి రెండు గ్రాముల దాకా సీసం ఉంటుంది. కార్లకి సీసం పెట్రోల్ అమెరికాలో 1996కి పూర్తిగా పోయింది, ఇండియాలో 2000లో పోయింది, విమానాలకి మాత్రం మిగిలిపోయింది ఎందుకంటే ఎక్కువ కంప్రెషన్ ఇంజన్లకి 100 ఆక్టేన్ కావాలి, అది లేకపోతే లోపల నాకింగ్ (పెట్రోల్ అదుపు తప్పి పేలడం) వచ్చి ఇంజన్ గాల్లోనే దెబ్బతింటుంది, కారైతే పక్కకాపుకుంటాం, అక్కడ పక్క అనేది లేదు. కౌంటీ చేయించిన స్టడీ 2021లో వచ్చింది, పిల్లల రక్తపరీక్షల రికార్డులు పదేళ్ళవి తీసి చూస్తే ఎయిర్‌పోర్ట్‌కి దగ్గరగా, అందులోనూ గాలివాలు వైపు ఉన్న పిల్లల్లో సీసం కొంచెం ఎక్కువ ఉందని తేలింది. కొంచెమే. కానీ పిల్లల విషయంలో ఇంతైతే పర్లేదు అనే లెవెల్ లేదని డాక్టర్లంటారు. ఆ చుట్టుపక్కల ఉండేది ఎక్కువగా మెక్సికన్, వియత్నమీస్ కష్టజీవుల కుటుంబాలు, మనకి సరదా, వాళ్ళకి నెత్తిమీద మోత, ఆ కోపం నాకర్థమవుతుంది.

2021 డిసెంబర్ 31తో అక్కడ పాత అద్దె ఒప్పందాలు చాలావరకు అయిపోయాయి, హ్యాంగర్లూ పెట్రోల్ పంపులూ కౌంటీ చేతికొచ్చాయి, 2022 జనవరి 1 నుంచి రెండు ఎయిర్‌పోర్ట్‌ల్లోనూ సీసం పెట్రోల్ అమ్మకం బంద్. నేల కౌంటీది అన్నాను కదా, ఇదే. సీసం పెట్రోల్‌తో ఎగరొద్దు అనలేదు, అనే అధికారం లేదు, మా నేల మీద అమ్మం అన్నారు అంతే. బదులుగా సీసం లేని యూఎల్94 పెట్టారు, అది మా 172 లాంటి తక్కువ కంప్రెషన్ బండ్లకి సరిపోతుంది, ఆ పెట్రోల్ వాడుకోవచ్చనే అనుమతి పేపర్ ఒకటి కొనుక్కుని ఎఫ్‌ఏఏ ఫారం నింపి ట్యాంక్ మూత దగ్గర స్టిక్కర్ అంటించుకుంటే అయిపోయింది. పెద్ద ఇంజన్ల వాళ్ళకే కష్టం, వాళ్ళు హాలిస్టర్‌కో లివర్‌మోర్‌కో పోయి నింపుకొచ్చేవాళ్ళు, అంటే సీసం తగ్గించడానికి పెట్టిన రూల్ వల్ల సీసం పెట్రోల్ కోసమే ఇంకో ట్రిప్పు, ఇదో కామెడీ. ఆ తర్వాత 2024 చివర్లో సీసం లేని 100 ఆక్టేన్ జీ100యూఎల్ వచ్చింది, దేశంలో ముందుగా అమ్మింది ఇక్కడే, దాని మీద మళ్ళీ పెయింట్ ఊడుతోందని, ట్యాంకుల్లో సీలెంట్ పాడైందని కొందరు ఓనర్ల గొడవ. ఏదైతేనేం, కాలిఫోర్నియా మొత్తానికే 2031 జనవరి నుంచి సీసం పెట్రోల్ అమ్మకూడదని చట్టం అయిపోయింది.

రూల్ మారాక నాకు ఎదురైన సంగతి ఒకటి చెప్తా, రేపు మీకూ పనికొస్తుంది. ఎగిరే ముందు రెక్కల కింద చిన్న వాల్వ్ ఉంటుంది, పొడుగాటి ప్లాస్టిక్ కప్పుతో దాన్ని పైకి నొక్కితే కొంచెం పెట్రోల్ దిగుతుంది, అడుగున నీళ్ళు చేరాయేమో చూసుకోవాలి, నీళ్ళుంటే ఇంజన్ టేకాఫ్‌లో ఆగిపోవచ్చు. 100ఎల్‌ఎల్ నీలం రంగు కాబట్టి నీళ్ళు కింద తెల్లగా వేరే కనపడతాయి. యూఎల్94కి రంగే లేదు. 2022 జనవరిలో వానలు పడి వెలిసిన ఒక శనివారం పొద్దున కప్పు నిండా తేటగా వచ్చింది, నీళ్ళ గీత ఎక్కడా లేదు, బాగుంది అని పక్కన పారబోయబోతుంటే పక్క టై-డౌన్‌లో (విమానం కట్టేసే చోటు) విమానం ఉన్న పెద్దాయన ఆగు ఆగు అని కప్పు లాక్కుని ముక్కు దగ్గర పెట్టుకున్నాడు. వాసనే లేదు. కప్పు మొత్తం నీళ్ళే. గీత ఎందుకు లేదంటే పైన పెట్రోల్ ఉంటేగా గీత కనపడటానికి! ఆరేడు కప్పులు తీశాక గానీ వాసన రాలేదు, ట్యాంక్ మూత రబ్బరు చిట్లి వాననీళ్ళు దిగాయి. అప్పట్నుంచి చూడటం, వాసన చూడటం, వేలికి రాసుకోవడం మూడూ చేస్తా, పెట్రోల్ అయితే చల్లగా ఇట్టే ఆరిపోతుంది, నీళ్ళైతే ఆరవు. ఈ ముక్క నాకు ఏ పుస్తకంలోనూ కనపడలేదు.

మేడం గారికి చెప్పండి, అనుమానం ఉంటే బాబుకి పీడియాట్రిషన్ దగ్గర బ్లడ్ లెడ్ టెస్ట్ అడగండి, మామూలు రక్తపరీక్షే. అలాగే ఊరి నుంచి వచ్చేటప్పుడు తెచ్చుకునే విడి పసుపు, కుంకుమ, పాత ఇత్తడి గిన్నెలు, వీటిల్లో కూడా సీసం దొరికిన కేసులు ఇక్కడ బోలెడు. విమానాన్ని తిట్టే ముందు పోపుల డబ్బా కూడా ఓసారి చూసుకోవడం మంచిది, ఇది మా ఇంట్లో అన్నందుకు నాకు రెండ్రోజులు కాఫీ లేదు.

హెచ్1బీ సంగతి. సరదాగా ఖాళీ టైంలో నేర్చుకోవడానికి హెచ్1బీ మీద ఉన్నవాళ్ళు చాలామంది నేర్చుకున్నారు, నేనూ అప్పుడు హెచ్1బీనే, అయినా మీ అటార్నీకి ఓ మెయిల్ కొట్టండి. తప్పనిసరిగా కావాల్సింది టీఎస్‌ఏ, అంటే ఎయిర్‌పోర్ట్ సెక్యూరిటీ చూసే శాఖ, ఇచ్చే క్లియరెన్స్, అమెరికా సిటిజన్ కానివాళ్ళందరికీ, గ్రీన్ కార్డ్ ఉన్నా సరే. ఆన్‌లైన్‌లో అప్లై చేసి ఫీజు కట్టి వేలిముద్రలివ్వాలి, అది వచ్చాకే ట్రైనింగ్ మొదలు. డిస్కవరీ ఫ్లైట్ అని మొదటి రుచి చూపించే ఫ్లైట్‌కి మాత్రం అది అక్కర్లేదు, కాబట్టి ముందు అది చెయ్యండి, కడుపులో తిప్పుతుందో లేదో తెలుస్తుంది. మెడికల్ దగ్గర జాగ్రత్త. స్లీప్ ఆప్నియా, డిప్రెషన్ మందులు, ఏడీహెచ్‌డీ, డీయూఐ (తాగి నడిపిన కేసు) ఇలాంటివి ఏమున్నా ఫారం సబ్మిట్ చేసే ముందు విమాన డాక్టర్‌తో ఊరికే మాట్లాడుకోవడానికి అపాయింట్‌మెంట్ తీసుకోండి, ఒకసారి రిజెక్ట్ పడితే తర్వాత బతిమాలుకోవడం పెద్ద తలనొప్పి.

డబ్బులు. రూల్ ప్రకారం కనీసం 40 గంటలు, 40లో పూర్తి చేసినవాణ్ణి నేనింతవరకు చూడలేదు, నాకు 68 పట్టింది, అన్నీ కలిపి 17 వేల డాలర్ల దాకా అయింది, ఇప్పుడైతే 20 దాటుతుందనుకోండి. ఒకేసారి పెద్ద మొత్తం కట్టకండి. నాతో పాటు మొదలెట్టిన ఒకతను డిస్కౌంట్ అంటే ఒక స్కూల్లో ఎనిమిది వేలు అడ్వాన్స్ కట్టాడు, ఆ స్కూల్ తలుపులు మూసుకుంది, ఆ డబ్బు గోవిందా. ఏ వారం క్లాసుకి ఆ వారం కార్డు గీకండి. ఇన్‌స్ట్రక్టర్‌ని అడగాల్సిన మొదటి ప్రశ్న కూడా రేటు కాదు, ఎయిర్‌లైన్ ఉద్యోగం ఎప్పుడొస్తుంది మీకు అని. వాళ్ళు గంటలు కూడబెట్టుకునే కుర్రాళ్ళు, సగంలో వెళ్ళిపోతారు, పాపం వాళ్ళ తప్పేం లేదు.

నేర్చుకోవడానికి రీడ్-హిల్‌వ్యూ కష్టమైన చోటు, అందుకే మంచి చోటు. రన్‌వేలు రెండూ పక్కపక్కనే సమాంతరంగా ఉంటాయి, ఒక్కోటి 3,100 అడుగులు, పెద్ద శాన్ హోసే ఎయిర్‌పోర్ట్ ఐదారు మైళ్ళ దూరంలో కాబట్టి దాని ఆకాశం మీ నెత్తి మీద మూతలా ఉంటుంది, తూర్పున కొండలు. రద్దీ రోజుల్లో టవర్ వాళ్ళు ఊపిరి తీసుకోకుండా మాట్లాడతారు. నా మూడో సోలోలో, అంటే ఒంటరిగా ఎగిరినప్పుడు, 31 రైట్‌కి (జంట రన్‌వేల్లో కుడిదానికి) క్లియరెన్స్ ఇస్తే నోటితో రైట్ అనే చెప్పి తిన్నగా 31 లెఫ్ట్‌కి లైన్ చేసుకుని వస్తున్నా. టవర్ ఆవిడ గొంతు పెంచకుండా నువ్వు లెఫ్ట్‌కి వస్తున్నావు, రైట్‌కి జరుగుతావా లేక గో అరౌండ్ (దిగకుండా మళ్ళీ పైకెళ్ళడం) చేస్తావా అంది. గో అరౌండ్ అని థ్రాటిల్ పూర్తిగా నెట్టేశా, చెయ్యి వణకడం ఈస్ట్‌రిడ్జ్ పార్కింగ్ దాటేదాకా ఆగలేదు. ఇప్పటికీ ఫైనల్‌లోకి, అంటే దిగడానికి రన్‌వేకి ఎదురుగా, తిరగ్గానే ఏ రన్‌వేనో పైకి అనుకుంటా. మన యాస గురించి మాత్రం బెంగ వద్దు, ఆ ఫ్రీక్వెన్సీలో ప్రపంచంలోని యాసలన్నీ వినపడతాయి, స్పీడ్ తగ్గించి మాట్లాడితే చాలు. టవర్ టెన్షన్ లేకుండా ల్యాండింగ్‌లు ప్రాక్టీస్ చెయ్యాలంటే దక్షిణాన శాన్ మార్టిన్ ఉంది, అక్కడ టవర్ లేదు, ఎవరి రేడియో వాళ్ళే చెప్పుకుంటూ దిగాలి.

చెప్పడం మర్చిపోయా, ఇంజన్ ఆపాక విమానాన్ని బర్రెని గుంజకి కట్టినట్టు కట్టాలి, రెండు రెక్కలకీ తోకకీ గొలుసులు. మొదటిసారి మా నాన్న ఇండియా నుంచి వచ్చినప్పుడు తీసుకెళ్తే ఎగిరినప్పుడు ఏమీ అనలేదు, ఈ కట్టెయ్యడం చూసి మాత్రం తెగ నవ్వాడు.

ఇక ఉపయోగం ఏముంది ఈ ఎయిర్‌పోర్ట్ వల్ల, డబ్బున్నోళ్ళ ఆట కదా అని మీ ఆఫీసులో ఎవరో అన్నారన్నారు. కొంతవరకు నిజమే, కొట్టిపారెయ్యను. కానీ శాన్ హోసే స్టేట్ ఏవియేషన్ కోర్సు పిల్లలు ఇక్కడే నేర్చుకునేది, రేపు మనం ఎక్కే ఎయిర్‌లైన్ పైలట్లు వీళ్ళే. 1989 లోమా ప్రియెటా భూకంపం వచ్చినప్పుడు కొండచరియలు పడి హైవే 17 మూసుకుపోతే వాట్సన్‌విల్ జనానికి తిండీ నీళ్ళూ బే ఏరియా చిన్న ఎయిర్‌పోర్ట్‌ల నుంచి మామూలు పైలట్లు సొంత విమానాల్లో మోశారు. భూకంపం మళ్ళీ రాదని ఎవరూ రాసివ్వలేదు. అలాగని దీనివల్ల పక్కింటి పిల్లాడి రక్తంలో సీసం చెల్లిపోదు. నేను మాత్రం ఎంత అవకాశం ఉంటే అంత ఎత్తు పట్టుకుని, ఆదివారం పొద్దున్నే రన్‌వే చుట్టూ ప్యాటర్న్‌లో గిరగిరా తిరగడం మానేశా.

బాబు విషయం తేలిక. అక్కడే ఈఏఏ అనే విమాన ప్రియుల సంఘం చాప్టర్ 62 ఉంది, యంగ్ ఈగల్స్ అని 8 నుంచి 17 ఏళ్ళ పిల్లల్ని ఉచితంగా ఎగరేస్తారు, తేదీలు వాళ్ళ సైట్‌లో పెడతారు, పెట్టిన రోజే నిండిపోతాయి కాబట్టి అలారం పెట్టుకోండి. సోలోకి 16, లైసెన్స్‌కి 17 నిండాలి. ఒక శనివారం తొమ్మిదింటికి ఇద్దరూ రండి, గేటు బయట కంచె దగ్గర నిలబడితే దిగేవాళ్ళని చూడొచ్చు, మెసేజ్ పెడితే లోపలికి తీసుకెళ్ళి కప్పులో పెట్రోల్ పట్టడం బాబు చేతే చేయిస్తా, వాసన చూడమని మాత్రం మేడం గారి ముందు అనను.